కోనసముద్రం కొలుముల ముచ్చట

జర ఇటు జరుగుండ్రి, పొగ ఆ దిక్కు మళ్ళింది. పెద్దోడా, ఆ తుమ్మ మొద్దును ఇంకింత లోపటికి నూకు. ఇగ, పొద్దుగాల చెలుకల దొరికిందని తెచ్చిన నల్లరాయి ఏది? ఇటు తే. అందరు ఒకపారి చేతిల పట్టి చూడుండ్రి. ఇంత చిన్న రాయి ఇంత బరువుంటదా? ఒక దిక్కు నున్నగ, కారి కారి గడ్డకట్టినట్టు మడతలు పడ్డది. ఇంకో దిక్కు అన్ని బొక్కలు. దీన్ని చిట్టెం అంటరు. ఇది భూమిల పుట్టిన రాయి కాదు బిడ్డా, మనిషి చేసింది.

మన చెలుకల నాగలి కడితె చాలు, ఇవి మీదికి తేలుతయి. మా నాయిన ఏరి గట్టు మీద కుప్పవోసెటోడు, కర్రు మొండిగైతున్నదని విసుక్కుంట. మా తాత ఆ కుప్ప కాడికి వచ్చి ఒక్కొక్క ముక్క ఎత్తి చూసేటోడు. "ఇది మన పెద్దోళ్ళు పారబోసింది రా, విసుక్కోకు" అనెటోడు.

తాత కమ్మరి పని చేసిండు. కర్రులు, కొడవండ్లు, గొడ్డండ్లు, బండి చక్రాల కమ్ములు అన్ని ఆయన చేతిలకెల్లి వచ్చినయే. గని రాయిల నుంచి ఇనుము తీసుడు ఆయన చెయ్యలే. ఆయన తాత కాలానికే ఆ పని ఆఖరికొచ్చింది. చిన్నప్పుడు ముసలోని పక్కకు కూసోని ఇన్నడు, ఇన్నది నాకు చెప్పిండు. నేను బడిల సైన్సు పంతులునైన. పుస్తకాలు చదివిన, ఈ దిక్కు తిరిగిన తెల్లదొరలు రాసిపెట్టినయి చదివిన. తాత చెప్పింది, పుస్తకంల ఉన్నది పక్కపక్కకు పెట్టి చూస్తె రెండు కలిసినయి. నాకు అప్పుడైన సంబురం ఇంతంత కాదు. చదువు రాని మనిషి నోటి మాట, ఎన్నడో అచ్చైన కాయిదం, రెండు ఒక్క తీరుగనే చెప్తున్నయి మరి.

మొదలు ఒక సంగతి తెలుసుకోండ్రి. బంగారమైతె ఏటి ఇసుకల బంగారంగనే దొరుకుతది. ఎక్కువ లోహాలు అట్ల దొరకయి. రాగి పచ్చరాయిల ఉంటది, సీసం మెరిసే బూడిదరంగు రాయిల ఉంటది, ఇనుము ఎర్రరాయిల, నల్లరాయిల ఉంటది. ఆ రాయిల లోహాన్ని ఆక్సిజనో, గంధకమో గట్టిగ పట్టుకోని కూసుంటది. ఆ పట్టు విడిపించాలె. రాగి పట్టు తొందరగ విడుస్తది, 1085 డిగ్రీలకు కరిగి కూడ వస్తది. అందుకే మనిషి ఇనుము కన్న ముందుగల రాగి తీసిండు. జస్తా, అదే జింకు, ఇంకో తీరు. అది 907 డిగ్రీల కాడనే ఆవిరైతది. కొలిమిల పెట్టి మూత తీస్తె ఏం మిగలది. రాజస్థాన్ల జావర్ అనే ఊరోళ్ళు మూసలు బోర్లించి, ఆవిరిని కిందికి దింపి, చల్లబరిచి జింకు చేసిన్రు. ఐరోపల ఆ పని మొదలు కాకముందే ఎన్నో వందల ఏండ్ల సంది చేసిన్రు. అది ఒక్క రాత్రికి ఒడిసే ముచ్చట కాదు, ఇంకోపారి చెప్త. ఇయ్యాల ఇనుమే.

వానలకు వాగు పారి తగ్గినంక ఇసుక మీద నల్లటి చారలు పడతయి, చూసిన్రు కదా? అది అయస్కాంతం పట్టే ఇసుక, మాగ్నటైటు. కొన్ని కాడ అదే నలుపు, రాయి లోపట సన్న గింజలుగ ఉంటది. నిర్మల్‌కు తూర్పున దిమ్మదుర్తి దిక్కు అసొంటి రాయి ఉండె. ఈ కాలపు గనుల లెక్క లోతుకు పోవుడు లేదు. మీది పలచటి మట్టి తీసి, గుంతలు చేసి, చిన్న గడ్డపారలతోని పెకిలించెటోళ్ళు. దంచి నీళ్ళల్ల కడిగితె తేలిక ఇసుక కొట్టుకపోతది, బరువైన నలుపు అడుగున నిలుస్తది. కడుగుడు, ఆరబోసుడు ఆడోళ్ళ చేతి పని అని తాత చెప్పెటోడు. ఈ ముచ్చట్లు చెప్పేటప్పుడు అందరు సమ్మెట పట్టినోన్నే యాది చేస్తరు. ఆ నల్ల ఇసుకల తెల్ల ఇసుక ఇంత మిగిలినా బట్టీ బిగుసుకుంటది. అది మిగలకుండ చూసింది ఆ తల్లులే.

బొగ్గు పని ఇంకా కష్టం. ఉత్త కట్టెకు అంత వేడి రాదు. గట్టి కట్టె కొట్టి, పేర్చి, మీద ఆకు అలము కప్పి, మట్టి మెత్తి, గాలి తగలకుండ దినాల తరబడి లోలోపల కమలనియ్యాలె. ఒక్క కంత పడి గాలి పోయిందంటె మొత్తం బూడిదే. బరువు మీద చూస్తె నాలుగైదు పాళ్ళ కట్టెకు ఒక పాలు బొగ్గు చేతికొస్తది. ఇనుము కన్న బొగ్గు ఎన్నో రెట్లు కావాలె. బొగ్గు మోసుడు కన్న రాయి మోసుడు అగ్గువ కాబట్టి కొలుములు అడివిని పట్టుకోని ఉండె. మన ఊరి చుట్టు ఒకప్పుడు ఎంత అడివి ఉండెనో ఈ చిట్టెం కుప్పలను చూసి లెక్క కట్టొచ్చు.

ఇప్పుడు ఈ నెగడు దిక్కు మంచిగ చూడుండ్రి. మీది మంట పచ్చగున్నది. కింద నిప్పుల మీద సన్నగ నీలి మంట ఆడుతున్నది, కనబడ్డదా? నిప్పుల లోపట గాలి సరిపోను అందదు. అరకొర కాలిన బొగ్గు ఒక గ్యాసు విడుస్తది, కార్బన్ మోనాక్సైడు. దానికి ఇంకింత ఆక్సిజన్ కావాలె. మీదికొచ్చి గాలి తగులంగనే నీలంగ కాలి తన ఆకలి తీర్చుకుంటది. దాన్ని మీదికి రానియ్యకుండ ఇనుపరాయి నడుమల నుంచి పోనిచ్చినమనుకోండ్రి, రాయిల ఉన్న ఆక్సిజన్‌నే గుంజుకుంటది. అప్పుడు రాయి ఇనుమైతది. మొత్తం విద్య ఇంతే. తలుపులు మూసుకోని అర్రల బొగ్గుల కుంపటి పెట్టుకోని పండుకుంటె మనిషి పానం తీసేది గూడ ఈ గ్యాసే. చలికాలం, ఆ మాట మర్వకుండ్రి.

బట్టీ కట్టుడు ఎట్లనంటె, మట్టిల గడ్డి, ఊక కలిపి తొక్కి, ఎదురొమ్ము ఎత్తు గుండ్రంగ లేపుతరు. అడుగున ఒక కంత, దాంట్ల కాల్చిన మట్టి గొట్టం. గొట్టం వెనుక రెండు తోలు తిత్తులు. ఒకటి ఒత్తేటప్పుడు ఇంకోటి గాలి నింపుకోవాలె, గాలి ఒక్క క్షణం తెగొద్దు. ముందుగల బొగ్గు నింపి అంటిస్తరు. బట్టీ ఎర్రగైనంక ఇంత నల్ల ఇసుక, ఇంత బొగ్గు, మల్ల ఇంత ఇసుక, మల్ల ఇంత బొగ్గు, పొద్దు గూకేదాక. తాత లోపల ఏమైతున్నదో మీది మంట రంగు, తిత్తి చప్పుడు పట్టి చెప్పొచ్చు అనెటోడు. గొట్టం పూడుకపోతె తిత్తి బరువెక్కి రొప్పుతదట. థర్మామీటర్లు లేని కాలంల చెవులతోని వేడి కొలిచిన్రు.

ఇగ నీ చేతిల ఉన్న చిట్టెం కాడికొస్త. ఎంత కడిగినా రాయిల ఇసుక పాలు కొంత ఉంటది. అది ఒక్కతే కరగాలంటె ఆ వేడి సాలది. కొంత ఇనుమును తనెంబడి కలుపుకుంటె 1200 డిగ్రీల కాడ కరుగుతది. కంత పొడువంగనే ఎర్రగ కారి వస్తది. అందుకే అంత బరువు, దాంట్ల ఇంకా ఇనుమున్నది. ఈ కాలపు ఇంజనీర్లు కొందరు, మనోళ్ళకు పని రాక ఇనుమంత చిట్టెంల పారబోసిన్రు అంటరు. ఆ మాట నేను ఒప్పుకోను. ఆ ఇనుము పోకపోతె ఇసుక కరగది, ఇసుక కరగకపోతె మిగిలిన ఇనుము విడిపడది. ఎంత ఇచ్చి ఎంత తెచ్చుకోవాల్నో తెలిసిన పని అది.

మరి ఇనుము? అది కరగనే కరగలే. ఇనుము కరగాలంటె 1538 డిగ్రీలు కావాలె, తోలు తిత్తుల గాలికి అంత వేడి రాదు. లోపల కణాలు కణాలుగ పుట్టి, ఒకదానికొకటి అతుక్కోని ముద్దగడ్తది. తేనె నిండిన తుట్టె లెక్క దాని సందుల నిండ చిట్టెం ఉంటది. బట్టీ గోడ పలగ్గొట్టి, పట్టుకార్లతోని ముద్దను బయటికి గుంజి, వేడి మీదనే సమ్మెటలతోని కొట్టి పిండుతరు. చిట్టెం చిల్లినంక చేతికొచ్చేది మెత్తటి ఇనుము. ఈ పని చేసేటోళ్ళను ముద్ద కమ్మరోళ్ళన్నరు. వాళ్ళు కొలిచిన తల్లి మమ్మాయి. ఇప్పటికి మన దిక్కు కొన్ని ఊర్లల్ల చిట్టెం కుప్పలున్న కాడ మమ్మాయి గుడి ఉంటది. చానమంది దండం పెట్టి పోతరు గని ఆ తల్లి ఎవరి తల్లో తెల్వది.

నేనొకపారి బడి పిల్లలను విశాఖ ఉక్కు ఫ్యాక్టరీ చూపిస్తనని తీస్కపోయిన. ఆడి బట్టీలకు గోదావరి, కృష్ణ అని పేర్లు పెట్టిన్రు. కట్టినప్పుడు ఒక్కొక్కటి 3,200 ఘనపు మీటర్ల కడుపు. ఇనుము తెల్లగ కాలువగట్టి పారుతుంటె పిల్లలు గప్‌చుప్ నిలవడ్డరు. ఒక ఆడపిల్ల అడిగింది, మరి మన పెద్దోళ్ళు ఇట్ల ఎందుకు పారించలే సార్ అని. మంచి ప్రశ్న. ఆ పెద్ద బట్టీల కోక్ బొగ్గు, కాగిన గాలి. ఆ వేడికి ఇనుము, బొగ్గులకెల్లి కార్బన్ తాగుతది, నూటికి నాలుగు పాళ్ళ దాక. అంత తాగిన ఇనుము 1150 డిగ్రీల కాడనే కరుగుతది. గని సమ్మెట దెబ్బకు పలుగుతది, సాగది. అందుకే దాన్ని ఇంకో పాత్రల పోసి, ఆక్సిజన్ ఊది, తాగిన కార్బన్‌ను మల్ల కాల్చేస్తరు. మనోళ్ళ ముద్ద అట్ల కాదు, అదే దినం కొట్టి కర్రు చెయ్యొచ్చు. లక్షల టన్నులు కావాలంటె విశాఖ తొవ్వే తొవ్వ. పదూర్లకు నాగండ్లు కావాలంటె ముద్ద కమ్మరోని తొవ్వకు వంక పెట్టేది లేదు.

ఇగ అసలు ముచ్చట. ఇనుము వేరు, ఉక్కు వేరు. కార్బన్ లేని ఇనుము మెత్తగ వంగుతది. నాలుగు పాళ్ళుంటె పలుగుతది. నూటికి ఒకటిన్నర పాలు కాడ నిలబెట్టిన్రనుకో, అప్పుడు అంచు నిలిచే ఉక్కైతది. ఆ ఒకటిన్నర కాడ నిలబెట్టుడే కోనసముద్రపోళ్ళకు తెలిసిన విద్య. కోనసముద్రం ఎక్కడో లేదు, మన నిజామాబాదు జిల్లా కమ్మర్‌పల్లి మండలమే.

దక్షిణాన మైసూరు, సేలం దిక్కు ఇంకో పద్ధతి ఉండె. మెత్తటి ఇనుప ముక్కలను మట్టి మూసల పెట్టి, దాంట్ల ఎండిన తంగేడు కట్టె, పచ్చి ఆకులు వేసి మూత మెత్తేటోళ్ళు. తంగేడు బొగ్గై ఇనుముకు కార్బన్ పెట్టేది. అవును, బతుకమ్మల పేర్చుకునే మన తంగేడే. కోనసముద్రపోళ్ళు కట్టె వెయ్యలే. రెండు తీర్ల ఇనుము తెచ్చిన్రు. ఒకటి నల్ల ఇసుక నుంచి తీసింది, మెత్తగ బొక్కలు బొక్కలుగ ఉంటది. ఇంకోటి కొండాపూర్ అనే ఊరిది, ఎర్రమట్టి రాయిల నుంచి తీసింది, విరిస్తె తెల్లగ మెరుస్తది. మొదటిది మూడు పాళ్ళు, రెండోది రెండు పాళ్ళు. ఒకదాంట్ల తక్కువున్న కార్బన్ ఇంకోదాని నుంచి వచ్చి కలుస్తది. లెక్క కుదురుతది. ఎవరు కుదిర్చిన్రో, ఎన్ని తరాలు పట్టెనో ఆలోచించుండ్రి. ఒక్క మూస పాడైతె దినాల పని బూడిదల కలుస్తది, అయినా విడువలే.

ఇదంత రాసింది హెన్రీ వాయ్సీ అనే దొర. లాంబ్టన్ దొర దేశం కొలుస్తున్న పెద్ద సర్వేల ఆయన డాక్టరు, రాళ్ళ శాస్త్రం తెలిసినోడు. 1820 దాటినంక ఈ దిక్కు వచ్చిండు, 1824ల సచ్చిపోయిండు. ఆయన రాత 1832ల కలకత్తల అచ్చైంది. మూసల కోసం గ్రానైటు బండ కుళ్ళిన మట్టి, పాత మూసల పొడి, ఊక కలిపి పిసికేటోళ్ళని రాసిండు. ఇనుముతోని ఇంత గాజు వేసి, మట్టి మూత పెట్టి, మూసలను కొలిమిల పేర్చి, ఒక దినం ఒక రాత్రి తిత్తులు ఊదేటోళ్ళు. గాజెందుకంటె, అది కరిగి ఇనుము మీద మూతైతది, గాలి తగలనియ్యది. ఈసారి ఇనుము నిజంగ కరుగుతది. కార్బన్ కలిసింది కాబట్టి 1538 దాక పోనక్కరలే, వంద డిగ్రీలు తక్కువైనా సరే. చల్లారినంక మూస పలగ్గొడితె అడుగున గుండ్రటి బిళ్ళ దొరుకుతది, ముప్పావు కిలోకు అటిటు.

అక్కడితోని అయిపోలే. ఆ బిళ్ళ అట్లనే సమ్మెట కింద పెడితె పలుగుతది. అందుకని మట్టి పూసి, మల్ల కొలిమిల పెట్టి పన్నెండు నుంచి పదహారు గంటలు వేడి చేసి చల్లార్చేటోళ్ళు. చూసి, మల్ల పెట్టేటోళ్ళు. మెత్తబడేదాక మూడు, నాలుగుపార్లు గూడ. ఇంత ఓపిక ఎందుకో తాతకు సైన్సు పేరుతోని తెల్వది. "తొందరపెడితె ఉక్కు అలుగుతది" అనెటోడు. ఉక్కు లోపట కార్బన్, ఇనుము కలిసిన గట్టి గింజలుంటయి. మెల్లగ వేడి చేసి మెల్లగ చల్లారిస్తె ఆ గింజలు సరుకుల ఒద్దికగ సర్దుకుంటయి. మసక ఎరుపు మీదనే, తక్కువ వేడిల కొట్టుకుంట కత్తి సాగదీస్తె, సానబట్టి పులుసు పెట్టినంక పారే నీళ్ళ తీరు గీతలు మీదికొస్తయి. డమాస్కస్ కత్తులని లోకమంత పేరువడ్డది ఆ గీతలకే. పదిహేడో శతాబ్దంలనే టావెర్నియే అనే ఫ్రెంచి వర్తకుడు రాసిపెట్టిండు, గీతలు తేలే ఉక్కు గోల్కొండ రాజ్యం నుంచి వస్తదని.

వాయ్సీ దొర పోయినప్పుడు ఇస్ఫహాన్ నుంచి వచ్చిన హాజీ హుసేన్ అనే వర్తకుడు కోనసముద్రంలనే ఉన్నడు. ఎక్కడి ఇరాన్, ఎక్కడి మన వాగులు! సరుకు కొనుక్కోని పోవుడు కాదు, పాళ్ళు తూకం వేసేటప్పుడు తనే కూసోని చూసుకునెటోడు, బిళ్ళ సాగుతదా లేదా అని పరీక్ష చేయించెటోడు. మా దేశంల గూడ ఇట్ల చేసి చూసిన్రు, రాలే అని ఆ దొరకు చెప్పిండు.

తెల్లోళ్ళ దేశంల గూడ దీని మీద మస్తు తపన ఉండె. 1794ల బొంబాయి నుంచి బిళ్ళలు లండన్‌కు పోయినయి. 1795ల జార్జ్ పియర్సన్ రాయల్ సొసైటీల దాని మీద వ్యాసం చదివిండు. అక్కడి కమ్మరోళ్ళు తమ అలవాటు కొద్ది తెల్లగ కాల్చి కొడితె ముక్కలైంది. తర్వాత మైకేల్ ఫారడే పట్టుకున్నడు. ఆ, కరెంటు పాఠంల వచ్చే ఫారడేనే. ఆయన కమ్మరోని కొడుకు, తెలుసా? మా తాతకు ఈ మాట నేను చెప్పినప్పుడు ముసలోడు రెండు చేతులు జోడించిండు. 1819 సంది ఫారడే మన ఉక్కును కోసి, కరిగించి, దీంట్ల ఏమున్నదని వెతికిండు. ఉక్కుల ఇంకో లోహం కలిపి చూసుడు అట్ల మొదలువెట్టిండు.

మరి ఎట్ల ఆగింది అంటరా? ఒక్క దెబ్బకు ఆగలే. ఇంగ్లండుల 1856ల బెస్సెమర్ పద్ధతి వచ్చి ఉక్కు చౌకైంది. ఓడల మీద, రైళ్ళ మీద ఆ ఇనుము మన అంగళ్ళకొచ్చింది. 1900 ప్రాంతంల మన్మాడు రైలు ఇందూరు, అదే నిజామాబాదు, మీదికెల్లి పడ్డది. అడివిల కట్టె కొట్టుడుకు కట్టడి వచ్చింది. కత్తుల కాలం పోయి తుపాకుల కాలం వచ్చింది, కొనేటోళ్ళు రాలే. ముద్ద కమ్మరోళ్ళు కొందరు ఊరి కమ్మరోళ్ళైన్రు, కొందరు కూలికి పోయిన్రు. మా తాత రైలు పట్టా ముక్కలు, లారీ కమాను పట్టీలు కొని కర్రులు చేసిండు. రాయిని ఇనుము చేసినోళ్ళ మనుమడు పాత ఇనుము తూకానికి కొనుక్కున్నడు. అది చెప్పేటప్పుడు ఆయన గొంతు మారేది, నాకిప్పటికి బాధనే.

ఇంకా బాధయ్యేది ఏందంటె, మిగిలిన చిట్టెం కుప్పలను గూడ ట్రాక్టర్లకెత్తి రోడ్ల కిందికి పోస్తున్నరు. 2010ల పరిశోధన చేసేటోళ్ళు, బెంగళూరు నుంచి శారదా శ్రీనివాసన్, ఇంగ్లండు నుంచి గిల్ జులెఫ్, మన జైకిషన్ సారు, ఇంకా మస్తుమంది కలిసి ఈ దిక్కు ఊరూర తిరిగి కుప్పలు, మూస ముక్కలు రాసుకున్నరు. చదువులేనోళ్ళు రాసిపెట్టుకున్న పుస్తకమంటె ఆ కుప్పలే. ఏ బట్టీల ఎంత వేడి వచ్చింది, ఏ రాయి వాడిన్రు, అన్ని ఆ చిట్టెంను కోసి చూస్తె తెలుస్తయి. రోడ్డు కింద పోసినంక ఎవలు చదువుతరు?

ఏందిరా చిన్నోడా? ఇప్పుడు మల్ల చెయ్యొచ్చునా అంటవా? చేసిన్రు. అమెరికల వెర్‌హోవెన్ అనే ప్రొఫెసరు, పెండ్రే అనే కమ్మరి కలిసి ఏండ్ల తరబడి పనిచేసి ఆ గీతల కత్తి చేసి చూపెట్టిన్రు, 1998ల రాసిన్రు. వాళ్ళకు దొరికిన గుట్టు ఏందంటె, ఉక్కుల వనేడియం లాంటి లోహం లక్షల నాలుగైదు పాళ్ళున్నా చాలు, గింజలు వరుస కడతయి. అది లేకపోతె ఎంత మంచి కమ్మరైనా గీతలు రావు. అది రాయితోనే వస్తది, ఒక గుంతల ఉంటది, ఇంకో గుంతల ఉండది. మనోళ్ళకు ఆ పేరు తెల్వది. గని ఫలాన కాడి ఇనుము మూడు పాళ్ళు, ఫలాన కాడిది రెండు పాళ్ళు అని పట్టు విడవలే. ఇస్ఫహాన్ల రాకపోవుడుకు కారణం అదేనేమో అని నా లెక్క. పని చూసిపోయిన్రు, రాయి ఎంబడి పోలే.

ఆ గుంతలా? ఉన్నయి, పూడి చెట్లు మొలిచినయి. ఎండకాలం సెలవులల్ల తీస్కపోత. పాత రేడియో స్పీకర్ల అయస్కాంతం ఉంటది, అది తీసి పెట్టుకోండ్రి, నల్ల ఇసుకను మంచిగ పట్టుకుంటది.